చికమత్సు మోనోగతారి (1954): సబ్‌టైటిల్స్ సగం నుంచి ముందుకు జరుగుతున్నాయి, దారి చెప్పండి

జపాన్ దర్శకుడు మిజోగుచి తీసిన ఈ సినిమాకి తెలుగు సబ్‌టైటిల్స్ తయారవుతున్నాయి. మూలంగా తీసుకున్న ఎస్ఆర్‌టీ ఫైలు (మాటలు, అవి తెరమీద పడే టైములు ఉండే ఫైలు) సెకనుకి 25 ఫ్రేముల లెక్కది, వీడియో 23.976. అందుకే 102 నిమిషాల సినిమా చివరికొచ్చేసరికి తేడా నాలుగు నిమిషాలు దాటేది. టైములన్నీ 1.0427తో గుణిస్తే మొదటి సగం అతికినట్టు కుదిరింది.

చిక్కంతా ఆ తర్వాతే. బీవా సరస్సు పడవ సీను దగ్గర మాట రెండు సెకన్లు ముందే పడుతోంది. చావడానికి సిద్ధపడ్డ యజమాని భార్య ఒసాన్ కాళ్లు కట్టి, అప్పుడు పనివాడు మోహెయి తన ప్రేమ బయటపెడతాడు. అతను నోరు విప్పకముందే ఆ మాట తెరమీద కనబడితే ఇక సీనులో మిగిలేదేముంది?

అక్కణ్ణుంచి తేడా పెరగడం లేదు. కాబట్టి ఫ్రేమ్ రేటు కాదు, రీలు మారేచోట ఎస్ఆర్‌టీ చేసిన ప్రింటుకీ, ఈ వీడియో ప్రింటుకీ పొంతన లేనట్టుంది. ఇలాంటి అతుకులు ఇంకెక్కడున్నాయో సినిమా అంతా చూడకుండా పట్టే పద్ధతి ఉందా? శబ్దాన్ని బట్టి సరిచేసే టూల్స్, ఇందులోని కబుకి (జపాన్ సంప్రదాయ నాటకం) వాద్యాల మోతను మాటలనుకుని పొరబడతాయా? వాడినవాళ్లు సెట్టింగులతో సహా చెప్పగలరు.

ఇంకొకటి: పెన్‌డ్రైవ్‌లో టీవీకి పెడితే ఒత్తులు విడిపోతున్నాయి. ఫైలు తెలుగు అక్షరాలకి పనికొచ్చే యూటీఎఫ్-8 ఎన్‌కోడింగ్‌లోనే ఉంది. సబ్‌టైటిల్స్‌ని వీడియో బొమ్మలోనే అచ్చువేయడం తప్ప మార్గం లేదా?