‘నీటిలా, గాలిలా…’ ఆ తర్వాత మాట ఏమిటి?

గోదారి గట్టు:
కొన్నాళ్లుగా ఒక వాక్యం తలలో తిరుగుతోంది, అదీ సగమే. అర్జెంటీనా రచయిత బోర్హెస్ తన ఊరు, ఆ దేశ రాజధాని బ్యూనస్ ఎయిర్స్ మీద రాసిన కవితలో చివరి రెండు పాదాలు. ఎప్పుడో ఒక పత్రికలో తెలుగులో చదివాను. "ఈ ఊరు ఎప్పుడో మొదలైందంటే పుక్కిటి పురాణం అనిపిస్తుంది నాకు, నీటిలా, గాలిలా ఇది…" అక్కడ ఆగిపోతోంది. తర్వాతి మాట నిత్యమా, శాశ్వతమా, అనాదా? ఆ పాత ప్రతి ఎవరి దగ్గరైనా ఉంటే చూసి చెప్పండి.

నిఘంటువు నేస్తం:
ప్రతి నా దగ్గర లేదు కానీ స్పానిష్ మూలం ఉంది. "ఆ మీ సె మె ఆసె క్వెంతో కె ఎంపెసో బ్వెనోస్ ఐరెస్ / లా హుస్గో తాన్ ఎతెర్నా కోమొ ఎల్ ఆగ్వా ఇ ఎల్ ఐరె." గొడవంతా ఆ "ఎతెర్నా" దగ్గరే. వాళ్లకు ఒక్క మాటలో మొదలూ లేదు, చివరా లేదు. మనకు అలా కాదు. "శాశ్వతం" ముందుకే చూస్తుంది: శాశ్వత చిరునామా, శాశ్వత పరిష్కారం. "నిత్యం" వాడి వాడి రోజువారీ మాట అయిపోయింది, నిత్యావసరాల సరుకుల్లో కలిసింది. వెనక్కి చూసేది "అనాది" ఒక్కటే. పై పాదంలో "ఎంపెసో", అంటే "మొదలైంది", ఉంది కాబట్టి దానికి జవాబు అనాదే. ఇందులో నాకు సందేహం లేదు.

గ్రంథాలయం మెట్లు:
నేస్తం గారూ, అనాది అంటే సగమే చెప్పినట్టు. మొదలు లేదన్నారు సరే, చివర సంగతి? రెండూ కలిపి చెప్పే మాట మనకు ఎప్పటి నుంచో ఉంది, విష్ణు సహస్రనామం చదివేవాళ్ల నోట రోజూ ఆడేదే: "అనాదినిధనం". పాత పత్రికలో అదే ఉండి ఉంటుంది.

నిఘంటువు నేస్తం:
మాస్టారూ, ఆ కవితలో ఏముందో చూడండి. పేక ముక్క వెనక వైపులా గులాబి రంగు వేసిన కిరాణా కొట్టు, బయలంతా సాంబ్రాణి పొగ వేసినట్టు ఘుమఘుమలాడించే చుట్టల దుకాణం, సబోరిదో కట్టిన టాంగోలు వాయించే పియానో. ఆ కొట్టు మెట్ల మీద "అనాదినిధనం" కూర్చోదు.

తంగేడు పువ్వు:
మాట కంటే ముందు, ఆయన అట్ల ఎందుకన్నడో చూడాలె కదా. ఆ ఊరు నిజంగనే రెండుసార్లు పుట్టింది. 1536లో పేద్రో దె మెందోసా వచ్చి గుడిసెలు వేయించిండు. తిండి లేక అల్లాడిన్రు, చుట్టుపక్కల ఆదివాసులతోని యుద్ధాలు, 1541 వరకల్లా ఊరే ఖాళీ. మళ్ల 1580ల ఖ్వాన్ దె గరాయ్ పరాగ్వే దిక్కు నుంచి దిగివచ్చి రెండోసారి పునాది వేసిండు. ఊరి నడుమ ఉన్న ఒబెలిస్కో స్తంభం 1936ల కట్టిన్రు, ఎందుకంటే మొదటిసారికి నాలుగు వందల ఏండ్లు నిండినయని. అంటే పాడుబడిపోయిన ఊరి పుట్టినరోజుకు, బతికిన ఊరి నడుమ స్తంభం! ఇంత గందరగోళం ఉన్న కాడ "మొదలైందంటే కథ లెక్క కొడుతుంది" అనుడు ఊరికె కవిత్వం కాదు, చరిత్ర తెలిసినోని మాట.

దక్షిణార్ధగోళం:
తంగేడు అక్కా, చక్కగా చెప్పారు. నేను ఈ ఊళ్లోనే ఉంటున్నాను కాబట్టి ఒకటి కలుపుతాను. ఆ కవితలో ఊరు పుట్టింది రియాచువేలో అనే చిన్న నది ఒడ్డున అన్నది లా బోకా పేట వాళ్లు అల్లిన కట్టుకథ, నిజానికి పుట్టింది మా పేటలో, పలెర్మోలో, అంటాడు. పైగా నాలుగు వీధుల పేర్లతో హద్దులు చెబుతాడు: గ్వాతెమాలా, సెర్రానో, పరాగ్వాయ్, గురుచాగా. ఆయన చిన్నతనం గడిచింది ఆ సెర్రానో వీధిలోనే. ఇప్పుడు ఆ వీధిలో ఆ భాగానికి ఆయన పేరే పెట్టారు. కాబట్టి కవితలోని హద్దులు పట్టుకుని వెళితే ఒక వైపు బోర్హెస్ వీధి తగులుతుంది.

ఇంకొక మాట. "ఉనా మంసానా ఎంతెరా" అన్న చోట మంసానా అంటే ఆపిల్ అని చదువుకోకండి. ఇక్కడ నాలుగు వీధుల మధ్య చదరాన్ని మంసానా అంటారు. గరాయ్ 1580లో ఊరిని గళ్లు గళ్లుగా కొలిచి పంచిపెట్టాడు. దారి అడిగితే ఇవాళ్టికీ జనం లెక్క చెప్పేది ఆ గళ్లతోనే.

గ్రంథాలయం మెట్లు:
మా గుడి ఇక్కడ, దేవుడు వెలసింది ఇక్కడ, పక్క ఊరి వాళ్లు చెప్పేది అబద్ధం. ఇది అచ్చంగా స్థలపురాణం! కవిత పేరు ఊరికి పునాది పడటం గురించే. ఆ పునాదికి విశేషణం మొదట "మితొలోహికా", అంటే పురాణగాథలది, అని ఉండేది, తర్వాత ఆయనే అదే అర్థం వచ్చే "మీతికా" చేశాడు. రెంటికీ తెలుగు ఒక్కటే: "బ్యూనస్ ఎయిర్స్ స్థలపురాణం". ఇంకో రకంగా అనువదిస్తే నేను ఒప్పుకోను.

ఛందోమిత్ర:
స్థలపురాణం బాగా కుదిరింది మాస్టారూ. పైగా పురాణాల్లోలాగే కాలాలన్నీ ఒకచోట కలిసిపోతాయి. పదహారో శతాబ్దం ఓడలు దిగిన మైదానంలోనే టాంగో వినిపిస్తుంది, గోడ మీద ఇరిగోయెన్ పేరు కనిపిస్తుంది. ఆయన 1916లో అధ్యక్షుడైన మనిషి!

ఇక అసలు సంగతి. మీరంతా అర్థం పట్టుకుని వేలాడుతున్నారు, నడక చూడండి. పాదానికి పద్నాలుగు అక్షరాలు, ఏడు, ఏడు. నడుమ విరుపు. మన యతి కాదు, సంస్కృతం వాళ్ల యతి. "ఆ-మీ-సె-మెఆ-సె-క్వెన్-తో", ఇక్కడ "మె", "ఆ" కలిసి ఒక్క అక్షరం. "కెఎం-పె-సో-బ్వె-నోస్-ఐ-రెస్", ఇక్కడ రెండు ఎ-లు ఒకటయ్యాయి. అచ్చు మీద అచ్చు వస్తే కలిపేయడమే, మన సంధి లాంటిదే. ఆ లెక్కలో నేను ఒకటి కట్టాను:

ఈ ఊరు మొదలైంది / అంటే నాకది కథే
నీరూ గాలీ లాగానే / అనాదిదనెంచాను

ఏడూ ఏడూ సరిపోయాయి. "హుస్గో"కి "అనుకుంటా" పేలవంగా ఉంటుంది, తీర్పు చెబుతున్నాడు కాబట్టి "ఎంచాను".

గ్రంథాలయం మెట్లు:
నాయనా, "అని + ఎంచాను" అన్నప్పుడు "అనెంచాను" ఎలా అవుతుంది? క్త్వార్థమైన ఇకారానికి, అంటే "అని", "వచ్చి" లాంటి మాటల చివరి ఇకారానికి, సంధి లేదని చిన్నయసూరి చెప్పాడు కదా. "అనియెంచాను" అనాలి. అప్పుడు ఎనిమిది అక్షరాలు. నీ పాదం కూలింది.

ఛందోమిత్ర:
మాస్టారూ, సూత్రం నాకూ తెలుసు. కానీ "వస్తానని అన్నాడు" అని ఎవరంటున్నారు? "వస్తానన్నాడు" అంటున్నారు. "అనంటే", "అనెందుకు", రోజూ వినే మాటలే. నేను రాసింది వాడుక భాషలో.

గ్రంథాలయం మెట్లు:
వాడుక భాషలో రాస్తూ అక్షరాలు లెక్క పెట్టుకుంటున్నావు. లెక్క పెట్టేవాడికి సూత్రం కూడా ఉంటుంది.

వెన్నెల కిటికీ:
మీ ఇద్దరి మధ్యలోకి రావడానికి భయంగా ఉంది కానీ ఆగలేకపోతున్నాను. బ్యూనస్ ఎయిర్స్ అనగానే నాకు గుర్తొచ్చేది బోర్హెస్ కాదు, టాగోర్. 1924 నవంబరులో పెరూ వెళుతూ ఆ ఊళ్లో దిగారు, జబ్బు చేసింది, డాక్టర్లు ప్రయాణం వద్దన్నారు. అప్పుడు అక్కడి రచయిత్రి విక్టోరియా ఒకాంపో ఊరికి ఉత్తరాన సాన్ ఇసిద్రోలో నది కనిపించే ఇంట్లో ఆయన్ని ఉంచింది. అంతకు పదేళ్ల ముందే ఆమె గీతాంజలిని ఆంద్రె జీద్ ఫ్రెంచి అనువాదంలో చదివింది, మనం చలం తెలుగులో చదివి కరిగిపోయినట్టే. టాగోర్ ఆమెను "విజయ" అని పిలిచారు. విక్టోరియాకి అంతకంటే మంచి అనువాదం ఉందా! ఆ తర్వాత వచ్చిన కవితల పుస్తకం "పూరబి"ని విజయకే అంకితం ఇచ్చారు. ఆ ఇంట్లో ఆయన కూర్చున్న కుర్చీని ఓడలో పంపడానికి ఓడ గది తలుపు ఊడదీయించింది ఆవిడ. ఆ కుర్చీ శాంతినికేతన్ చేరింది.

తంగేడు పువ్వు:
కిటికీ అక్కా, ఒకాంపో 1931ల మొదలుపెట్టిన "సుర్" పత్రికల బోర్హెస్ రాసేటోడు. గట్ల చూస్తే మీరు దారి తప్పలే, దగ్గరి దారిల వచ్చిన్రు.

వెన్నెల కిటికీ:
ధన్యవాదాలు తంగేడూ! ఇంకొక్క ముక్క చెప్పి ఆపుతాను. ఆ కిటికీలోంచి కనిపించే నది పేరు లా ప్లాతా, అంటే వెండి. నీళ్లు మాత్రం ఒండ్రు రంగు. బోర్హెస్ కవిత మొదలయ్యేదే "నిద్రమత్తూ బురదా కలిసిన ఈ నది మీదేనా ఓడలు వచ్చి నాకు దేశాన్ని కట్టింది?" అని. కాబట్టి చివర్లో వచ్చే "నీరు" ఏదో పంచభూతాల్లో నీరు కాదు, ఆ బురద నీరే. అందుకే నాకు "అనాది" కూడా నచ్చడం లేదు. "ఎప్పటిదో" అంటే చాలు.

నిఘంటువు నేస్తం:
"ఎప్పటిదో" అంటే ఒకప్పుడు మొదలైందని ఒప్పుకున్నట్టే కదండీ! ఆయన కాదన్నదే అది.

అలాగే గాలి సంగతి. మొదటి పాదం చివర ఊరి పేరులో "ఐరెస్", రెండో పాదం చివర "ఐరె". ఊరి పేరులోనే గాలి ఉంది. ఇటలీ దీవి సార్డీనియాలో కాల్యరి దగ్గర కొండ మీద బొనారియా మాత గుడి ఉంది, నావికులు మొక్కుకునే తల్లి. ఆ తల్లి పేరే ఈ రేవుకి పెట్టారు. మెందోసా మనిషి ఒకడు ఒడ్డున దిగి "ఈ నేల గాలి ఎంత బాగుందో" అన్నాడని చెప్పేది జనం కథ. మొత్తానికి "గాలి" తీసేసి "వాయువు", "పవనం" పెడితే పాదం చచ్చిపోతుంది.

దక్షిణార్ధగోళం:
మాస్టారూ, ఛందోమిత్ర గారూ, మీ "అనెంచాను" తగాదాకి పరిష్కారం ఆ కవితలోనే ఉందని నా నమ్మకం. "పెరో ఎన్ మితా దెల్ కాంపో" అని ఒక పాదం ఉంది, "పొలం నట్టనడుమ" అని. సరైన మాట "మితాద్". చివరి ద్ ఆయన మింగేశాడు. ఊరి శివారు జనం మాట్లాడే తీరు అది. పక్క పాదంలోనే "సుఎస్తాదా" అన్నాడు, అది "సుదెస్తాదా". అక్కడా మధ్యలో ద పోయింది. ఆగ్నేయం నుంచి వీచి నదిని వెనక్కి తోసే గాలి అది, లా బోకా లాంటి పల్లపు పేటల్ని ముంచేస్తుంది. అంటే వరుసగా రెండు పాదాల్లో రెండు ద-లు మింగిన కవిని తెలుగు చేస్తూ "అనియెంచాను" అనడం న్యాయమేనా?

గ్రంథాలయం మెట్లు:
అది ఛందస్సు కోసం మింగి ఉంటాడు.

ఛందోమిత్ర:
కాదు మాస్టారూ, లెక్క చూడండి. "పె-రోఎన్-మి-తా-దెల్-కాం-పో", ఏడు. "మితాద్" అని పెట్టినా "తాద్" ఒక్క అక్షరమే, అప్పుడూ ఏడే. ఛందస్సుకి ఆ ద్ ఉన్నా లేకున్నా ఒకటే. గొంతు కోసమే తీసేశాడు!

నిఘంటువు నేస్తం:
దీనికి నాదీ ఒక సాక్ష్యం. 1920లలో బోర్హెస్ వ్యాసాల్లో కూడా ఇలా ద్ లు తీసేసి రాసేవాడు. యూరప్‌లో ఏళ్లు గడిపి 1921లో తిరిగొచ్చిన కుర్రాడు, సొంత ఊరి పలుకు మీద వ్యామోహం. తర్వాత ఆ వ్యాసాల పుస్తకాలు మళ్లీ అచ్చు వేయనివ్వలేదు. పాత కవితల్నీ దిద్దుకున్నాడు. ఈ చరణంలోనే మొదట "ప్రెసెన్సియాదా" ఉన్న చోట తర్వాత "ఎక్స్‌ప్వెస్తా" పెట్టాడు. కానీ "మితా" ముట్టుకోలేదు. చేతిలో కలం ఉండి, పక్క మాటే మార్చి, దాన్ని వదిలేశాడంటే కావాలనే ఉంచాడు.

గ్రంథాలయం మెట్లు:
సరే, "మితా" ఆయన పేట మాట. మరి "అనెంచాను" ఏ పేట మాట? "అనంటే" విన్నాను, "అనెందుకు" విన్నాను. "అనెంచాను" అని ఏ వీధిలో ఎవరన్నారో చెప్పు. "ఎంచు" అనేదే ఇప్పుడు పుస్తకాల మాట. గ్రాంథిక క్రియకి వాడుక సంధి అతికించావు. ఆయన మింగిన చోట ఒక గొంతు వినిపిస్తుంది, నువ్వు మింగిన చోట వినిపించదు.

ఛందోమిత్ర:
ఇది గట్టి దెబ్బే మాస్టారూ. అయితే "అనాదిదనుకుంటా", ఏడు అక్షరాలే. కానీ అప్పుడు తీర్పు పోతుంది. "హుస్గో"లో ఉన్న పెద్దరికం "అనుకుంటా"లో లేదు.

తంగేడు పువ్వు:
"అనాదిదంటా నేను" అనున్రి. అ-నా-ది-దం-టా-నే-ను, ఏడు. సంధి తగాదా లేదు, తీర్పూ ఉంది.

గ్రంథాలయం మెట్లు:
"దంటా" అంటే ఎవరో చెప్పగా విన్నట్టు ఉందమ్మా. "వచ్చాడంట" లాగా.

తంగేడు పువ్వు:
మాస్టారూ, "నేను" పక్కనే ఉన్నది కదా. నేను అంటున్న అని. మా దిక్కు అట్లనే అంటం.

గోదారి గట్టు:
అందరికీ నమస్కారం. పాత ప్రతి మాత్రం ఎవరి దగ్గరా లేదన్నమాట. పోనీ ఇది చెప్పండి. "అన్నీ ఉన్నాయి, ఒక్కటే తక్కువ: లా వెరెదా దె ఎన్‌ఫ్రెంతె" అని ఇంకో పాదం ఉంది. నేను చదివిన తెలుగులో అక్కడ "ఎదురింటి అరుగు" అని ఉన్నట్టు గుర్తు. అరుగేనా?

దక్షిణార్ధగోళం:
వెరెదా అంటే వీధి పక్కన నడిచే దారండీ, ఇక్కడి వాళ్ల మాట. స్పెయిన్‌లో దాన్నే ఆసెరా అంటారు. పొలం మధ్య ఒక్క చదరమే ఉంది, వీధికి అవతలి పక్క లేదు, అందుకే అది తక్కువ. "అవతలి కాలిబాట" అనాలి.

వెన్నెల కిటికీ:
నేను అరుగునే సమర్థిస్తాను. కాలిబాట లేకపోతే ఎవరికి లోటు? ఎదురు అరుగు లేకపోతే మాట్లాడే మనిషే లేడు.

గ్రంథాలయం మెట్లు:
అరుగు ఇంటిది, కాలిబాట ఊరిది. ఆయన లేదన్నది ఊరి సొత్తు.