మెక్సికో సిటీలో ఒకే సాయంత్రం లూచా లీబ్రే, టాకోలు కుదురుతాయా?

వచ్చే నెల ఆఫీసు పని మీద వెళ్తున్నాను, శుక్రవారం సాయంత్రం ఖాళీ. అరేనా మెహికో స్టేడియంలో లూచా లీబ్రే, అంటే మాస్కుల కుస్తీ, చూడాలని ఎప్పటి నుంచో కోరిక. ఒక్కడినే వెళ్లొచ్చా, టూర్ తీసుకోవాలా?

జవాబు 1: టూర్ అక్కర్లేదండి, కౌంటర్లోనే టికెట్ కొనుక్కోవచ్చు. రూడోలంటే తొండి ఆడేవాళ్లు, టెక్నికోలంటే పద్ధతిగా ఆడేవాళ్లు, ఇది తెలిస్తే చాలు. నా పక్కన కూర్చున్న బామ్మగారు రూడోల తరఫున గొంతు పోయేలా అరిచారు, కాసేపటికి నేనూ మొదలుపెట్టాను.

జవాబు 2: ముందు టాకోస్ అల్ పాస్తోర్ తినండి. టాకోలమ్మేవాడు నిలువు ఊచ మీద కాలే మాంసాన్ని పల్చగా చెక్కి చిన్న మొక్కజొన్న రొట్టెలో పెట్టి, పైనున్న అనాసపండు ముక్క కోసి వేస్తాడు. అది పంది మాంసం, తినకపోతే ముందే అడగండి. మిచెలాడా తాగండి, బీరులో నిమ్మరసం, ఉప్పు, కారం, మన నాలుకకి భలే ఉంటుంది.

జవాబు 3: ఆట అయ్యాక అరేనా ఉన్న దొక్తోరెస్ పేటలో నడవొద్దు, క్యాబ్ ఎక్కేయండి.