గీజర్ వేసిన కాసేపటికి ఆర్‌సీసీబీ పడిపోతోంది

ప్రశ్న:
మా ఇంట్లో 15 లీటర్ల, 2000 వాట్ల గీజర్ ఉంది. ఈమధ్య స్విచ్ వేసిన కొద్ది నిమిషాలకే మెయిన్ బోర్డులోని 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే సరఫరా ఆపేసే స్విచ్) పడిపోయి ఇల్లంతా కరెంటు పోతోంది. గీజర్‌కు విడిగా ఉన్న 20 ఆంపియర్ల ఎంసీబీ (కరెంటు పరిమితి దాటితే ఆపేసే స్విచ్) మాత్రం పడడం లేదు. మేము వాడేది బోరు నీళ్లు. చూడడానికి వచ్చిన ఎలక్ట్రీషియన్ ఆర్‌సీసీబీ తీసేసి వైర్లు నేరుగా కలిపేద్దామంటున్నారు. ఇంట్లో చిన్నపిల్లలు ఉన్నందున అందుకు మనసొప్పడం లేదు. లోపం ఎక్కడుందో ఎలా తేల్చుకోవాలి?

సమాధానం 1:
దయచేసి ఆర్‌సీసీబీని తీయించకండి, ఇప్పుడు మీ పిల్లలకు రక్షణ అదే. 2000 వాట్ల గీజర్ 230 వోల్టుల వద్ద సుమారు 8.7 ఆంపియర్లు తీసుకుంటుంది కాబట్టి ఎంసీబీపై అధిక భారం ఏమీ లేదు. ఫేజ్‌లో వెళ్లిన కరెంటు మొత్తం న్యూట్రల్‌లో తిరిగి రాకుండా కొంత ఎర్త్‌లోకి పోతున్నప్పుడే ఆర్‌సీసీబీ పడుతుంది. ఎలిమెంట్ లోహపు గొట్టంలో వేడెక్కే తీగ చుట్టూ మెగ్నీషియం ఆక్సైడ్ పొడి కూరి ఉంటుంది. బోరు నీళ్ల ఉప్పు పైన గట్టిగా పేరుకుంటే వేడి నీటిలోకి దిగక గొట్టం అతిగా కాగి, చివరికి సన్నగా పగులుతుంది. ఆ పగులులోంచి చెమ్మ పొడిలోకి చేరితే కరెంటు గొట్టానికి పాకుతుంది. కాస్త వేడెక్కాకే పడుతోందంటే నా అనుమానం ముందుగా ఎలిమెంట్ మీదే.

సమాధానం 2:
పై మాటతో ఏకీభవిస్తున్నాను, అయితే మల్టీమీటర్‌తో చూసి ఎలిమెంట్ బాగుందని తీర్మానించకండి. రెండు కొసల మధ్య దాదాపు 26 ఓమ్‌లు చూపితే లోపలి తీగ తెగలేదని మాత్రమే తెలుస్తుంది. గొట్టానికి కరెంటు లీకవుతోందా అన్నది 500 వోల్టుల మెగ్గర్‌తో (ఎక్కువ వోల్టేజీ పెట్టి ఇన్సులేషన్ ఎంత గట్టిగా ఉందో కొలిచే మీటర్) పరీక్షిస్తేనే నమ్మకంగా తేలుతుంది. పరీక్షకు ముందు ప్లగ్ పూర్తిగా తీయాలి, ఎందుకంటే చాలా ఇళ్లలో స్విచ్ ఫేజ్‌నే ఆపుతుంది, న్యూట్రల్ కలిసే ఉంటుంది. ఆ తరువాత ఎలిమెంట్ వైర్లు విడదీసి, కొసకూ గొట్టానికీ మధ్య కొలిపించండి. విలువ ఒక మెగా ఓమ్‌కు బాగా దిగువన ఉంటే ఎలిమెంట్ మార్చాల్సిందే. బాగానే ఉంటే థర్మోస్టాట్ దగ్గరి జాయింట్లలో చెమ్మ, కాలిన ఇన్సులేషన్ ఉన్నాయేమో వెతకాలి.

ప్రశ్న అడిగినవారు:
మెగ్గర్ ఉన్న మరో ఎలక్ట్రీషియన్‌ను పిలిపిస్తాను. అప్పటివరకు గీజర్ వాడవచ్చా?

సమాధానం 2:
వాడకండి, ప్లగ్ తీసే ఉంచండి. ఎలిమెంట్ మార్చేటప్పుడు గాస్కెట్ కూడా కొత్తది వేయించి, సాకెట్‌లో ఎర్త్ నిజంగా ఉందో లేదో చూపించుకోండి. ట్యాంకు నిండి వేడినీళ్ల కుళాయిలో ధార నిలకడగా వచ్చాకే స్విచ్ వేయాలి, లేకపోతే కొత్త ఎలిమెంట్ కూడా కాలిపోతుంది.