అలీ ఖమ్రాయెవ్: గుర్రాల సినిమాలు తీసినదీ, బాదం పూల సినిమా తీసినదీ ఒక్కరేనా?

ప్రశ్న (పాతరీలు):
ఇటీవల మా ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనలో ఉజ్బెక్ దర్శకుడు అలీ ఖమ్రాయెవ్ తీసిన ‘ఏడవ తూటా’ (1972) చూశాను. తన దళమంతా సోవియట్ పాలనను ఎదిరించిన బాస్మాచీ తిరుగుబాటుదారుల పక్షం చేరిపోగా, మిలీషియా నాయకుడు మక్సూమోవ్ వాళ్లతో ముఖాముఖి మాట్లాడటం కోసమే కావాలని శత్రువుకు చిక్కుతాడు. వారం తిరక్కుండానే ఒక మిత్రుడు ఆయనదే ‘పక్షుల వెంట మనిషి’ (1975) చూపించాడు. అందులో ఒక కుర్రవాడు బాదం చెట్టు పూసిందన్న సంతోషంతో అర్ధరాత్రి ఊరందరినీ నిద్రలేపి, అందుకు తన్నులు తింటాడు. ఈ రెండూ ఒకే చేతి పని అంటే నమ్మబుద్ధి కావడం లేదు. తెలిసినవారు ఆయన జీవితం గురించి చెప్పగలరా?

సమాధానం (సిల్క్‌రోడ్):
ఒకే చేతి పనేనండీ. ఖమ్రాయెవ్ 1937లో తాష్కెంట్‌లో జన్మించారు. తండ్రి ఎర్గాష్ ఖమ్రాయెవ్ ఉజ్బెక్ సినిమా తొలితరం నటుడు, రచయిత. తల్లి ఉక్రెయిన్ వంశస్థురాలు. తండ్రి రెండో ప్రపంచయుద్ధానికి వెళ్లి తిరిగి రాలేదు. కొడుకు మాస్కోలోని సినిమా విద్యాసంస్థ వీజీఐకేలో చదివి, 1961లో బయటికి వచ్చి, ఉజ్బెక్‌ఫిల్మ్ స్టూడియోలో చేరారు. ‘తెల్లని కొంగలు’ (1966) తీసేసరికి ఆయన వయసు ముప్పై కూడా దాటలేదు. ఊరి కట్టుబాటును లెక్కచేయని ఒక వివాహిత ప్రేమకథ అది.

తరువాత వచ్చిన గుర్రాల సినిమాలను జనం ఎగబడి చూశారు. ‘ఏడవ తూటా’ స్క్రీన్‌ప్లే రాసినవారు ఆంద్రేయ్ కొంచలోవ్‌స్కీ, ఫ్రీద్రిఖ్ గొరెన్‌స్టెయిన్. నాయకుడిగా నటించిన సుయ్‌మెన్‌కుల్ చొక్మొరోవ్ కిర్గిజ్ నటుడు. సరిగ్గా దానికి ముందు ఏడాదే మనకు ‘మోసగాళ్లకు మోసగాడు’ వచ్చింది. మనవాళ్లు కౌబాయ్‌ని టోపీతో సహా తెచ్చుకున్నారు. వాళ్లకు గుర్రాలూ, ఎడారీ, అంతర్యుద్ధమూ ఇంట్లోనే ఉన్నాయి కాబట్టి టోపీ అవసరం పడలేదు.

మీరు చూసిన రెండో సినిమాకు మన దేశంతోనూ సంబంధం ఉంది. 1977లో న్యూఢిల్లీ అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో దానికి రజత మయూరం అవార్డు దక్కింది.

సమాధానం (గళ్లచొక్కా):
పై సమాధానంతో ఏకీభవిస్తూనే ఒక మాట. బాస్మాచీలను ఆ సినిమాలు సోవియట్ ప్రభుత్వ దృష్టితోనే చూపాయన్నది మరువరాదు. అయితే ఖమ్రాయెవ్ తన ప్రభుత్వాన్ని పొగిడే కథలో కూడా ఇబ్బందికరమైన ప్రశ్న దాచగలిగేవారు. ‘భయం లేకుండా’ (1971) చూడండి. 1927లో స్త్రీల ముసుగులు తీయించే హుజుమ్ ఉద్యమాన్ని పైవాళ్లు ఆదేశం మీద నడిపించినప్పుడు, పరంజా (ముఖమూ ఒళ్లూ కప్పే ముసుగు) తీసేసిన స్త్రీలు ఎందరో సొంత బంధువుల చేతుల్లోనే హతులయ్యారు. ఆదేశం ఒకరిదైతే ప్రాణం మరొకరిది. ఆ సినిమా బరువంతా అక్కడే ఉంది. ‘ట్రిప్టిక్’ (1979) కూడా స్త్రీల కథే. రెండో ప్రపంచయుద్ధం ముగిసిన మరుసటి ఏడు, ఒక చిన్న పట్టణంలో, చదువురాని యువతి ఒకతె భర్త అనుమతి కోసం ఆగకుండా తన ఇల్లు తానే కట్టుకోవడం మొదలుపెడుతుంది. నా మట్టుకు ఆయన సినిమాలలో అత్యుత్తమం ఇదే.

పాతరీలు:
ఇద్దరికీ ధన్యవాదాలు. తండ్రి లేనితనం ఆయన సినిమాలలో ఎక్కడైనా నేరుగా కనిపిస్తుందా?

సిల్క్‌రోడ్:
‘నువ్వు నాకు గుర్తున్నావు’ (1985)లో కనిపిస్తుంది. జబ్బుపడిన తల్లి కోరిక మీద, యుద్ధంలో మరణించిన తండ్రి సమాధిని వెతుక్కుంటూ కొడుకు సమర్‌కంద్ నుంచి రష్యాలోని వ్యాజ్మా ప్రాంతానికి రైలులో బయలుదేరతాడు. కథ పెద్దగా ముందుకు సాగదు. రైలు సాగుతూ ఉంటుంది, ఎదురుపడే మనుషుల మధ్య చిన్ననాటి జ్ఞాపకాలు వచ్చిపోతుంటాయి. బాదం పూల కుర్రవాడికి కూడా తల్లి లేదు, ఉన్న తండ్రి తాగుబోతు. ఆ కుర్రవాడిని మనసులో ఉంచుకుని ఈ సినిమా చూడండి. అటు తరువాత మక్సూమోవ్ కోసం ‘ఏడవ తూటా’ మళ్లీ వేసుకోండి. తనను వదిలి వెళ్లిపోయిన దళాన్ని అతను ఇంటిపెద్దలా వెనక్కి పిలుస్తున్నట్టు నాకు రెండోసారి చూసినప్పుడే తోచింది.