ప్రాగ్‌లో రెండున్నర గంటల ప్రైవేట్ వాకింగ్ టూర్: అమ్మానాన్నలతో అవుతుందా, డబ్బు దండగా?

పాలకొల్లు కాలవగట్టు:
అందరికీ నమస్కారమండి. మా అక్కా బావగారూ జర్మనీలో, డ్రెస్డెన్‌లో ఉంటారు. మే నెలలో అమ్మానాన్నల్ని అక్కడికి పంపిస్తున్నాం, వీసా కూడా వచ్చేసింది. అక్కణ్నుంచి పక్క దేశం చెక్ రిపబ్లిక్‌లో ఉన్న ప్రాగ్‌కి రైల్లో రెండున్నర గంటలే కదా, ఒక రాత్రి ఉండేలా తీసుకెళ్తానని బావగారు అంటున్నారు. ఆయన ఏదో సైట్‌లో రెండున్నర గంటల ప్రైవేట్ వాకింగ్ టూర్ చూశారు, కోట, వంతెన, పాత బజారు, గడియారం, యూదుల పేట అన్నీ అందులోనే ఉన్నాయట. రేటు వింటే గుండె గుభేలుమంది. అదే ఊళ్లో ముందు డబ్బేమీ కట్టకుండా, చివర్లో తోచింది ఇచ్చే గుంపు టూర్లు కూడా ఉన్నాయని విన్నాను.

నాన్న ఇరిగేషన్‌లో చేసి రిటైరయ్యారు, సర్వీసులో సగం లాకుల దగ్గరే గడిచిపోయింది. ఒక చెవి సరిగ్గా వినపడదు. ఇంగ్లీషు నెమ్మదిగా చెప్తే అర్థం చేసుకుంటారు. అమ్మకి ఇంగ్లీషు రాదు, మోకాళ్ల నొప్పులు, పైగా శాకాహారి. వాళ్లకి నిజంగా ఉపయోగపడుతుందా, లేక ఫొటోలు దిగి వచ్చేస్తే చాలా? తెలుగులో చెప్పే గైడు దొరుకుతాడా అని అమ్మ అడుగుతోంది, అడగడంలో తప్పు లేదుగా, అందుకే రాస్తున్నా.

రాజోలు అబ్బాయి:
దండగ అన్నా. ప్రాగ్ పాత ఊరు చాలా చిన్నది, ఫోన్‌లో మ్యాప్ పెట్టుకుంటే ఎవరైనా తిరిగేయొచ్చు. ఏ వంతెన ఎప్పుడు కట్టారో ఇంటర్నెట్‌లో చూస్తే వచ్చేస్తుంది, దానికి అంత పొయ్యడం ఎందుకు? నేను ఫ్రెండ్స్‌తో వెళ్లినప్పుడు తోచింది ఇచ్చే టూర్‌లోనే తిరిగాం, ఆ కుర్రాడు భలే నవ్వించాడు. ఆ డబ్బుతో నది మీద పడవ ఎక్కించండి, పెద్దాళ్లు హాయిగా కూర్చుంటారు.

తణుకు శారద:
మావారి ఉద్యోగం మీద కొన్నేళ్లు ప్రాగ్‌లోనే ఉన్నాం, ఇంటికొచ్చిన ప్రతి చుట్టాన్నీ నేనే తిప్పాను కాబట్టి కాస్త పొడుగ్గా చెప్తాను, ఓపిక పట్టండి.

రాజోలు తమ్ముడు చెప్పింది కుర్రాళ్లకి కరెక్టే. కానీ ఆ గుంపు టూర్లలో ముందు ఒకడు గొడుగెత్తి నడుస్తుంటాడు, వెనక ఇరవై ముప్పై మంది. చెవి సరిగ్గా వినపడని పెద్దాయనకి అక్కడ ఒక్క ముక్క వినిపించదు, అమ్మగారు వెనకబడిపోతారు, మీ బావగారు ఆవిణ్ని చూసుకోవాలా, తర్జుమా చెయ్యాలా? ప్రైవేట్ గైడైతే ఒక మాట చెప్పి ఆగుతారు, బావగారు అది తెలుగులో చెప్పాక ఇంకో మాట మొదలెడతారు. మీరు డబ్బు కట్టేది ఆ ఆగడానికే. తెలుగు గైడు మీద మాత్రం ఆశ పెట్టుకోకండి.

ఇంటర్నెట్‌లో చూస్తే వచ్చేస్తుంది అన్నారు కదా, తేదీలు వస్తాయి, కాదనను. కానీ కాళ్ల కింద ఏముందో ఎవరైనా ఆపి చూపిస్తే తప్ప తెలీదు. పాత ఊరి చౌక్‌లో టౌన్‌హాల్ గోడ పక్కన నేల మీద రాళ్లలో 27 తెల్ల శిలువ గుర్తులు పరిచి ఉంటాయి. జనం వాటి మీద నిలబడి ఐస్‌క్రీమ్ తింటుంటారు. 1621 జూన్ 21న రాజు మీద తిరగబడ్డ 27 మంది పెద్దల్ని చంపింది అక్కడే. వాళ్లలో 12 మంది తలల్ని చార్లెస్ వంతెన మొదట్లో ఉన్న బురుజుకి పదేళ్లు వేలాడదీశారు. ఇది విన్నాక అదే బురుజు కింద నుంచి వంతెన మీదకి నడిస్తే మనిషి నడకే మారిపోతుంది, నేను చాలామందిని చూశాను.

ఇక మీ నాన్నగారికి ముహూర్తాల పట్టింపు ఉంటే ఆ వంతెన కథ తప్పకుండా చెప్పించండి. నాలుగో చార్లెస్ రాజు దానికి శంకుస్థాపన చేసింది 1357వ సంవత్సరం, 9వ తేదీ, 7వ నెల, ఉదయం 5 గంటల 31 నిమిషాలకట. వరసగా రాస్తే 1 3 5 7 9 7 5 3 1, ఎటు నుంచి చదివినా ఒకటే! జ్యోతిష్కులు లెక్కేసి పెట్టిన ఘడియ అని అక్కడ చెప్పుకుంటారు, మనమే అనుకుంటాం మనకొక్కళ్లకే ఈ పిచ్చి అని. సున్నంలో కోడిగుడ్లు కలిపారనీ, ఒక ఊరివాళ్లు దారిలో పగిలిపోతాయని ఉడకబెట్టి పంపించారనీ ఇంకో కథ. మన పాత మండువా ఇళ్ల గోడలకి గానుగ సున్నంలో బెల్లం నీళ్లు, గుడ్డు సొన కలిపేవారని మా తాతగారు చెప్పేవారు, కాబట్టి ఆ కథకి నేను నవ్వలేదు.

గడియారం సంగతి. 1410 నాటిది, ఇంకా నడుస్తోంది. గంట గంటకీ బొమ్మలు కదిలే తమాషా కోసం కింద జనం అంతర్వేది తీర్థంలో ఉన్నట్టే ఉంటారు, జేబులు జాగ్రత్త. అస్థిపంజరం బొమ్మ తాడు లాగి గంట కొడుతుంది, పైన కిటికీల్లో క్రీస్తు శిష్యులు వరసగా కనిపించి పోతారు, చివర్లో కోడి కూస్తుంది, అంతే, ఇదేనా అనిపిస్తుంది. అసలు చూడాల్సింది బొమ్మల్ని కాదు, ఆ చక్రాన్ని. సూర్యుడు ఏ రాశిలో ఉన్నాడు, చంద్రుడు ఎక్కడున్నాడు, సూర్యాస్తమయం నుంచి లెక్కపెట్టే పాత చెక్ గంటలు ఎన్ని అయ్యాయి, అన్నీ అందులో ఉంటాయి. పంచాంగం చూసే అలవాటున్న మనిషికి గైడు పది నిమిషాలు విప్పి చెప్తే పండగే. తమాషా లేని టైములో వెళ్లండి, ఎదురుగా నిలబడి చూడొచ్చు.

దారికి నా సలహా: 22 నంబరు ట్రామ్ ఎక్కి పైన కోట దగ్గర దిగండి, అక్కణ్నుంచి కిందకి నడుచుకుంటూ వంతెన మీదకి రండి. ఎక్కే బాధ ఉండదు.

అమలాపురం ఫిజియో:
శారద గారూ, అన్నీ బాగా చెప్పారు కానీ చివరి మాట దగ్గర ఆగాలండి. మోకాళ్లు అరిగినవాళ్లకి ఎక్కడం కన్నా దిగడమే ఎక్కువ నొప్పి. కోట నుంచి కిందకి వచ్చే నెరుదోవా వీధి మంచి ఏటవాలు, అంతా రాళ్లు పరిచిన నేల. రెండో వైపు పాత మెట్ల దారి అసలే వద్దు. కోట చూశాక మళ్లీ అదే 22 ఎక్కి మాలోస్ట్రాన్‌స్కే చౌక్ దగ్గర దిగితే సరిపోతుంది, అక్కణ్నుంచి వంతెన దాకా దాదాపు సమంగా ఉండే కొద్దిపాటి నడకే. గైడుకి ఈ మాట ముందే రాసి పెట్టండి, లేకపోతే వాళ్లకి అలవాటైన దారినే నడిపించేస్తారు. అమ్మగారికి పల్చటి చెప్పులు వద్దు, మెత్తటి అడుగున్న బూట్లు కొని నెల ముందు నుంచి ఇంట్లో వేసుకుని తిరగమనండి. రెండున్నర గంటల్లో రెండు చోట్లైనా బెంచీ మీద కూర్చోవాలి. ఆ లెక్కన అయిదు చోట్లు అవ్వవు, మూడు చాలు.

పాలకొల్లు కాలవగట్టు:
శారద గారూ, ఫిజియో గారూ, చాలా థ్యాంక్సండి. నాన్నకి చదివి వినిపించాను. ముహూర్తం కథకి నవ్వారు కానీ ఆయన అడిగింది వేరే: "ఆ నదికి ఆనకట్ట ఉందా? పడవలు ఎలా దాటతాయి?" ఎవరికైనా తెలుసా?

బొబ్బర్లంక ఏఈ:
మీ నాన్నగారికి నా నమస్కారాలు చెప్పండి, సరైన ప్రశ్న అడిగారు. ఉందండి, ఊరి నడిబొడ్డునే ఉంది. నది పేరు వల్తావా. చార్లెస్ వంతెన మీద నిలబడి ఎగువకి, అంటే దక్షిణం వైపు చూడమనండి. ఒడ్డు నుంచి ఒడ్డుకి తిన్నగా కాకుండా ఏటవాలుగా కట్టిన పొట్టి ఆనకట్ట కనిపిస్తుంది, నీళ్లు దాని మీద నుంచే పల్చగా జారిపోతుంటాయి. సాగు కోసం కాదు, పిండిమరలకి నీళ్లు మళ్లించడానికి కట్టుకున్నవి అవి. పాత ఊరి ఒడ్డున నీళ్లలోకి పొడుచుకొచ్చిన ఇళ్ల వరస ఆ మరల చోటే. అవతలి ఒడ్డున కంపా లంక పక్కన ఒక చిన్న కాలవ, దాని మీద పాత మర చక్రం ఇప్పటికీ ఉంది. కాస్త ఎగువన ఇంకో ఆనకట్ట. ఈ రెండింటినీ పడవలు దాటడానికి లాకు ఉంది, స్మిహోవ్ ఒడ్డుకీ డెత్‌స్కీ ఓస్త్రోవ్ అనే లంకకీ మధ్యన. తలుపులు వేసి నీళ్లు నింపి పడవ లేపడం అంతా మన లాకుల పద్ధతే. గైడుని యూదుల పేట మానేసి అక్కడికి తీసుకెళ్లమంటే ఆశ్చర్యపోతారు కానీ కాదనరు, ప్రైవేట్ టూర్ అంటే అదేగా!

ఇంకో లెక్క కూడా చెప్పండి. 2002 ఆగస్టులో ఆ నదికి వచ్చిన వరద ప్రాగ్ దగ్గర సెకనుకు 5,160 ఘనపు మీటర్లు, మన లెక్కలో సుమారు లక్షా 82 వేల క్యూసెక్కులు. 1986లో ధవళేశ్వరం దగ్గర 35 లక్షలు చూసినవాళ్లకి ఇదొక వరదా అనిపిస్తుంది. అయినా కంపా మునిగింది, మెట్రో స్టేషన్లలోకి నీళ్లొచ్చాయి. మనకున్నట్టు నది పక్కకి పొర్లడానికి అక్కడ లంకభూములు లేవు, ఇళ్ల గోడలే గట్లు. ఆ తర్వాతే వరదొచ్చినప్పుడు ఒడ్డున నిలబెట్టి మళ్లీ తీసేసే అల్యూమినియం గోడలు పూర్తిగా ఏర్పాటు చేసుకున్నారు. వంతెన మీద నేపోముక్ అనే సాధువు విగ్రహం ఉంటుంది, 1683 నాటి కంచు విగ్రహం. 1393లో ఆయన్ని ఆ వంతెన మీద నుంచే నదిలో పడేశారు, ఇప్పుడు వరదల నుంచి కాపాడమని ఆయనకే దండం పెడతారు.

నరసాపురం లేసు:
అందరూ మంచే చెప్తున్నారు, నేను కాస్త కారం చల్లుతా. మేం ఒక ఏజెన్సీ ద్వారా ప్రైవేట్ టూర్ పెట్టుకున్నాం. గైడు మొదట్లో బాగానే చెప్పాడు, తర్వాత "ఇక్కడ వెచ్చగా ఉంటుంది, కూర్చోండి" అని ఒక గాజు సామాన్ల షాపులోకి తీసుకెళ్లాడు, అక్కణ్నుంచి గార్నెట్ రాళ్ల షాపుకి. మా అత్తగారు బేరం మొదలెట్టేశారు, ఇక ఏం టూరు! గడియారం దగ్గరికి చేరేసరికి టైమైపోయిందని చెయ్యి ఊపి వెళ్లిపోయాడు.

అందుకే బుక్ చేసేముందు నాలుగు ముక్కలు రాయించుకోండి: షాపులకి తీసుకెళ్లకూడదు, రేటు మొత్తం గ్రూపుకా మనిషికా, కోట టికెట్లు అందులో కలిసే ఉన్నాయా, టూరు ఎక్కడ ఆగుతుంది. ఆఖరిది చాలామంది అడగరు. హోటల్‌కి దూరంగా వదిలేస్తే అలిసిపోయిన పెద్దాళ్లతో మళ్లీ ట్రామ్ వెతుక్కోవాలి. అక్కడ గైడ్లకి గుర్తింపు కార్డు ఉంటుంది, అదీ అడగండి.

డబ్బు మాట కూడా. అక్కడ యూరోలు కావు, కొరూనాలు. చౌక్ చుట్టూ ఉన్న మార్పిడి కొట్లలో రేటు చూడకుండా ఇవ్వకండి. ఇచ్చేశాక మోసం అనిపిస్తే, వెయ్యి యూరోల లోపు మార్పిడి అయితే మూడు గంటల్లోపు రసీదు చూపించి రద్దు చేసుకునే హక్కు అక్కడి చట్టంలో ఉంది, మేం వాడుకున్నాం.

రాజోలు అబ్బాయి:
ఆయ్, లాకు చూపించే టూరైతే నేనూ డబ్బు కట్టి వస్తా 😄 పెద్దాళ్ల విషయంలో శారద గారి మాటే రైటు.

పాలకొల్లు కాలవగట్టు:
బావగారు రాత్రే మెసేజ్ పెట్టారు: ట్రామ్‌లో పైకీ ట్రామ్‌లోనే కిందకీ, వంతెన, గడియారం, టైముంటే లాకు, షాపులు వద్దు. గైడు ఒప్పుకున్నారు, ఉదయం ఎనిమిదిన్నరకి హోటల్ దగ్గరికే వస్తామన్నారు. ఇక అమ్మ తిండి ఒక్కటే మిగిలింది. బంగాళదుంప అట్లు దొరుకుతాయంటున్నారు, నిజమేనా?

తణుకు శారద:
దొరుకుతాయి కానీ ఆ అట్లలో గుడ్డు వేస్తారు, కొన్నిచోట్ల పంది కొవ్వులో కాలుస్తారు. చీజ్ వేపుడు శాకాహారమేనని చెప్తారు, దాని పై పూతలోనూ గుడ్డే. కూరగాయల సూప్ అన్నా మాంసం ఉడికించిన నీళ్లతో చేసి ఉండొచ్చు. అమ్మగారు గుడ్డు తినకపోతే ఊరి మధ్యలో మన ఇండియన్ హోటళ్లు చాలానే ఉన్నాయి, మధ్యాహ్నం అక్కడ కూర్చోబెట్టండి. రెండో పూటకి అక్కగారిని డ్రెస్డెన్‌లోనే పులిహోర కలిపి డబ్బాలో పెట్టమనండి. మేలో అక్కడ పొద్దున్నా సాయంత్రం మన సంక్రాంతి కన్నా చలిగానే ఉంటుంది, మర్నాటికీ పాడవదు.