అప్‌డేట్: 1929 నాటి పాటల పొట్టి సినిమాల్లో కథ ఉంటుందా అని అడిగాను కదా

మీరు చెప్పిన ‘బ్లాక్ అండ్ టాన్’ చూశాను. పాటలే తప్ప కథ ఉండదన్న నా అనుమానం తప్పు. జాజ్ బ్యాండు నాయకుడు డ్యూక్ ఎలింగ్టన్ పియానోను బాకీ కింద పట్టుకుపోవడానికి వచ్చిన ఇద్దరికి నటి ఫ్రెడీ వాషింగ్టన్ జిన్ ఆశ చూపి పంపేస్తుంది. (ఆ ఇద్దరితో చేయించిన హాస్యం నల్లవాళ్లను వెక్కిరించే పాత మూసే, ఇబ్బందిగా అనిపించింది.) గుండెజబ్బున్నా బ్యాండుకు పని దొరకాలని ఆమె క్లబ్బులో నాట్యం చేసి కుప్పకూలుతుంది. చివర్లో ఆమె అడిగిన పాటే మంచం చుట్టూ చేరి వాయిస్తారు. గోడ మీద పెద్ద పెద్ద నీడలు. ఆమె కళ్లకు ఎలింగ్టన్ ముఖం మెల్లగా మసకబారుతుంది. అక్కడ రెండుసార్లు వెనక్కి తిప్పి చూశాను.

అదే దర్శకుడు డడ్లీ మర్ఫీ అదే ఏడాది బ్లూస్ గాయని బెస్సీ స్మిత్‌తో తీసిన ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ ఈ ఆదివారానికి.