నెలనెలా డబ్బు కట్టే చానెల్లో యాడ్స్ ఉండొచ్చా?

రాజోలు మాస్టారు:
రాత్రి సీరియల్ అరగంటలో ఎన్నిసార్లు ఆగిందో మా మనవరాలు కాగితం మీద గీతలు పెట్టి లెక్కేసింది. మూడుసార్లు. ఒకసారి నేను లేచి వెళ్లి వీధి గేటుకి తాళం వేసి, గేదెకి గడ్డి పడేసి వచ్చినా ఇంకా యాడ్సే నడుస్తున్నాయి. ఆ ఒక్క చానెల్‌కి నెలకి 19 రూపాయలు, జీఎస్టీతో కలిపి 22.42 కడుతున్నాను. దూరదర్శన్‌లో యాడ్స్ వేస్తే నేనేమీ అననండి, దానికి నేను చందా కట్టడం లేదు. చందా తీసుకుని యాడ్స్ కూడా వెయ్యడం ఎక్కడి న్యాయం?

ఈ చందా చానెల్ అనేది మొదలైనప్పుడు ఇలా లేదు. 1972 నవంబరు 8న అమెరికాలో పెన్సిల్వేనియా రాష్ట్రంలోని విల్క్స్‌బ్యారీ అనే ఊళ్లో హెచ్‌బీవో మొదలైంది. సస్క్వెహానా నది ఒడ్డున ఉన్న ఊరది. అదే ఏడాది జూన్‌లో ఆగ్నెస్ తుపానుకి నది గట్లు దాటి ఊరిని ముంచేసింది. 1986 వరద చూసిన మన లంకల వాళ్లకి ఆ ఊరి పరిస్థితి వేరే చెప్పక్కర్లేదు. ఇళ్లు కడుక్కుని అయిదు నెలలు కాలేదు, అలాంటి ఊళ్లో 365 మంది నెలకి 6 డాలర్లు చొప్పున చందా కట్టారు. మొదలుపెట్టే రోజునే గాలికి యాంటెన్నా కూలిపోతే మళ్లీ నిలబెట్టి, న్యూయార్క్‌లో జరుగుతున్న ఐస్ హాకీ ఆట చూపించారు. తర్వాత ఒక సినిమా. మధ్యలో ఒక్క యాడ్ లేదు. చార్లెస్ డోలన్ అనే ఆయన ఆలోచన అది. చూసేవాడే డబ్బిస్తాడు కాబట్టి చూసేవాడికే జవాబు చెప్పాలి, మధ్యలో సబ్బుల కంపెనీకి పనిలేదు. నేను అడుగుతున్నదీ అంతే.

పాలకొల్లు కేబుల్:
మాస్టారూ, నమస్కారమండి. ఇరవై ఏళ్లకి పైగా ఈ వైర్లు లాగుతున్నవాణ్ణి, నా మాట కూడా వినండి. మీరు చెప్పిన 6 డాలర్లు ఎంతండి? 1972లో డాలరు ఏడున్నర రూపాయల చిల్లర. అంటే ఆ రోజుల్లోనే ఒక్క చానెల్‌కి 45 రూపాయలు. ఈ రోజు నేను మీ ఇంటికొచ్చి ఒక్క చానెల్‌కి 45 అడిగితే కాఫీ ఇచ్చి పంపేస్తారు.

మీ 19 రూపాయలు ఎటు పోతున్నాయో చూడండి. అందులో కనీసం 20 శాతం చానెల్‌వాళ్లు పంపిణీ చేసేవాళ్లకి వదలాలి. చానెల్‌కి ఒక్కో ఇంటి నుంచి చేరేది 15.20. దాంతో నెలంతా సీరియళ్లు తీయాలి, సినిమా హక్కులు కొనాలి, స్టూడియో నడపాలి. ఇక 2019 ఫిబ్రవరి నుంచి వచ్చిన కొత్త పద్ధతిలో, చానెళ్ల ధర కాక కనెక్షన్‌కి కట్టే నెట్‌వర్క్ చార్జీ 130 దాటకూడదన్నారు, పన్నుతో 153.40. ఆ పరిమితి 2024లో తీసేశారు. వేరే ఒప్పందం లేకపోతే ఆ చార్జీలో నూటికి 55 పాళ్లు ఎమ్మెస్వోకి, అంటే చానెళ్లన్నీ పోగుచేసి మాలాంటి ఊరి కేబుల్ వాళ్లకి పంపే పెద్ద కంపెనీకి, 45 పాళ్లు నాకు. కొబ్బరిమట్ట పడి వైరు తెగినా, పిడుగుకి నోడ్ (సిగ్నల్ పంచే పెట్టె) కాలినా, తుపానులో స్తంభాలు ఒరిగినా ఆ 45 పాళ్లలోంచే బాగుచెయ్యాలి. జనం మాత్రం మొత్తం నేనే మింగేస్తున్నాననుకుంటారు. ఆ మాటకి నిజంగా బాధేస్తుందండి.

ఇంకొకటి. మీరు చెప్పిన ఆ హెచ్‌బీవోనే 2000లో మన దేశానికి వచ్చింది, యాడ్స్‌తోనే వచ్చింది. 2013లో యాడ్స్ లేకుండా హెచ్‌బీవో డిఫైన్డ్, హెచ్‌బీవో హిట్స్ అని రెండు పెట్టారు. అప్పటికి మన వైపు కేబుల్లో డిజిటల్ రాలేదు, సొంత డిష్షులున్నవాళ్లకే అందాయి. మూడేళ్లు తిరక్కుండా ఆ రెండూ మూతపడ్డాయి. 2020 డిసెంబరు 15న అసలు చానెలే మన దేశం వదిలి వెళ్లిపోయింది. యాడ్స్ వద్దనేవాళ్లు ఊరంతా ఉంటారు మాస్టారూ, దానికి డబ్బు కట్టేవాళ్లే దొరకరు.

మోరి నుంచి:
ధర అంత పెరగాలని ఎక్కడుందండి? మా ఊళ్లో 2016 డిసెంబరులో ప్రభుత్వ ఫైబర్‌నెట్ మొదలుపెట్టారు. 149 రూపాయలకి టీవీ, ఫోను, ఇంటర్నెట్టు మూడూ ఇస్తామన్నారు. తీగ చవకైతే మిగతాదీ చవకవ్వాలి.

పాలకొల్లు కేబుల్:
తమ్ముడూ, తీగ వేరు, తీగలో వచ్చే బొమ్మ వేరు. ఫైబర్‌లో వచ్చినా గాల్లోంచి దిగినా, చందా కట్టే పే చానెల్ ధర పే చానెల్‌దే.

భీమవరం చెరువుగట్టు:
మాస్టారు గారు ఆ చరిత్ర సగంలో ఆపేశారు. మిగతాది కూడా చూడాలండి. అమెరికా తేదీ ప్రకారం 1975 సెప్టెంబరు 30న, మనీలాలో మహమ్మద్ అలీ, జో ఫ్రేజియర్ల మధ్య జరిగిన బాక్సింగ్ పోటీని హెచ్‌బీవో ఉపగ్రహం మీదుగా అమెరికాలోని కొన్ని కేబుల్ ఇళ్లకి చూపించింది. అప్పట్నుంచి సిగ్నల్ ఆకాశంలోనే ఉంది. పెరట్లో పెద్ద డిష్షు పెట్టుకున్న పల్లెటూళ్ల వాళ్లు ఊరికే చూడటం మొదలెట్టారు. పదేళ్లు చూశారు. 1986 జనవరిలో కంపెనీ సిగ్నల్‌కి తాళం వేసేసింది. ఇక చూడాలంటే ఆ తాళం తీసే డీకోడర్ పెట్టె కొనుక్కుని, నెలనెలా 12.95 డాలర్లు కట్టాలి.

అదే ఏడాది ఏప్రిల్ 27 అర్ధరాత్రి దాటాక ఫ్లోరిడాలో జాన్ మెక్‌డూగల్ అనే డిష్షుల వ్యాపారి, తాను రాత్రి డ్యూటీ చేస్తున్న ఉపగ్రహ కేంద్రం నుంచి హెచ్‌బీవో సినిమా మీద తన సందేశం ఎక్కించేశాడు. కెప్టెన్ మిడ్‌నైట్ అని పేరు పెట్టుకుని, 12.95 మేం కట్టం అని రాశాడు. నాలుగున్నర నిమిషాలు దేశం తూర్పు సగంలోని ఆ చానెల్ చందాదారులకి అదే కనపడింది. పట్టుకుని 5,000 డాలర్లు జరిమానా వేశారు.

నేనెందుకు చెబుతున్నానంటే, ఆ చానెల్లో యాడ్స్ లేవు. అయినా జనానికి అంత కోపం వచ్చింది. అలవాటైపోయిన దానికి హఠాత్తుగా ధర కట్టడమే అసలు బాధ. మనకీ అంతే జరిగింది. బాక్సులు లేనప్పుడు మా నాన్నగారు నెలకొకసారి వచ్చే కుర్రాడి చేతిలో నోటు పెట్టేవారు, అన్ని చానెళ్లూ వచ్చేవి, ఏది పే చానెలో ఏది కాదో ఆయనకి తెలీదు. అప్పుడూ ఇవే యాడ్స్. ఒక్కరూ మాట్లాడలేదు. బిల్లులో 19 అని విడిగా కనపడిన రోజు నుంచీ యాడ్స్ కనపడుతున్నాయి.

నరసాపురం లేసు:
నమస్తే అండి. మేం లేసు అల్లేవాళ్లం. మధ్యాహ్నం అరుగు మీద ఆరుగురం కూర్చుంటాం, కిటికీలోంచి టీవీ నడుస్తుంటుంది. కళ్లు సూది మీదుంటాయి, చెవులు సీరియల్ మీద. మేం టీవీ వింటాం గానీ చూసేది తక్కువ. మాకు యాడ్ వచ్చిందంటే ముందు సౌండు పెరుగుతుంది. లోపల పడుకున్న పసిపిల్లలు లేచిపోతారు. పనాపి ఒకరు లేచి రిమోటు పట్టుకోవాలి. నేను రెండు చానెళ్లే తీసుకున్నాను, అలా ఏరుకోనిచ్చినందుకు సంతోషమే. ధర పెరిగితే మాత్రం ఒకటి తీసేస్తాను.

రాజోలు మాస్టారు:
కేబుల్ బాబాయ్ చెప్పిన లెక్క ఒప్పుకుంటాను. 15 రూపాయలతో చానెల్ నడవదు. మీ 45 పాళ్ల సంగతి నాకు తెలీదు, ఇంతకు ముందు మీలాంటివాళ్లనే తిట్టుకున్నాను, తప్పే.

భీమవరం బాబు చెప్పినదాంట్లో సగమే ఒప్పుకుంటాను. అలవాటు సంగతి నిజం. కానీ బిల్లు విడిగా కనపడ్డాకే జనం అడగడం మొదలెట్టారంటే, అడగవలసింది అప్పుడు తెలిసిందని అర్థం. అదేం తప్పు కాదు. ఆ అమెరికా చానెల్ మొదటి రోజుల్లో, వేసిన సినిమాలే మళ్లీ మళ్లీ వేస్తే జనం చందా మానేసేవారు. వచ్చినవాళ్లని నిలబెట్టుకోవడానికి కంపెనీ కిందామీదా పడింది. చందాకి ఉన్న బలం అదేనండి, మానేస్తానన్న మాట. లేసు అల్లే అమ్మాయి ఆ మాట ఎంత తేలిగ్గా అందో చూడండి. అది చానెల్‌కి వినపడాలి. వినపడదు. ఎందుకంటే ఒక్కొక్కటిగా కొంటే ఎక్కువ, గుత్తగా ప్యాకు కొంటే తక్కువ అన్నట్టు ధరలు పెట్టారు. ప్యాకు మీద తగ్గింపు 15 శాతం దాటకూడదని, టీవీ చానెళ్ల ధరల నిబంధనలు పెట్టే ప్రభుత్వ సంస్థ ట్రాయ్ పెట్టిన షరతుని 2018లో మద్రాసు హైకోర్టు కొట్టేసింది. 2022 నవంబరులో 45 శాతం దాకా ఇవ్వొచ్చన్నారు. మా ఇంట్లో చూసేవి నాలుగు, ప్యాకులో ఉన్నవి ఎన్నో నేనింతవరకు లెక్కపెట్టలేదు. నేను మానేద్దామనుకున్న చానెల్ కూడా ఆ మూటలోనే వచ్చి పడుతుంది. ఇంక నా మాటకి విలువెక్కడ? యాడ్స్ ఇచ్చేవాడి మాటే చెల్లుతుంది.

అందుకని నా మాట కొంచెం మార్చుకుంటున్నాను. యాడ్స్ పూర్తిగా తీసెయ్యమనను. గంటకి 12 నిమిషాలు దాటకూడదని నిబంధన ఉంది, పది నిమిషాలు వ్యాపార ప్రకటనలు, రెండు సొంత కార్యక్రమాల ప్రచారం. 2013లో చానెళ్లవాళ్లు దానిమీద ఢిల్లీ హైకోర్టుకెళ్లారు. డబ్బు తీసుకునే చానెల్‌కైనా ఆ లెక్క గట్టిగా అమలుచెయ్యాలి. సౌండు గురించి కూడా కేబుల్ టీవీ నియమాల్లోనే ఉందమ్మా, ప్రకటన మరీ గట్టిగా ఉండకూడదని. మీరడిగింది గొంతెమ్మ కోరిక కాదు. ఇక ప్రతి పే చానెల్‌కి రెండు ధరలు పెట్టమనండి, యాడ్స్‌తో ఇంత, లేకుండా ఇంత అని. బాక్సుల్లో ఏ ఇంటికి ఏ చానెల్ తెరవాలో మీరే అక్కడ్నుంచి నొక్కుతున్నారుగా బాబాయ్.

పాలకొల్లు కేబుల్:
ఆయ్, నొక్కడానికి నాకేం కష్టం లేదండి. కాకపోతే అది ఒకే చానెల్‌ని రెండుగా నడపడం, ఉపగ్రహం మీద రెండు చోట్ల అద్దె. ఆ ఖర్చు మళ్లీ ఎవరో ఒకరు పెట్టుకోవాలి. 45 రూపాయలు అన్నాననుకోండి, కడతారా? మీరు కడతారు. మీ వీధిలో ఎంతమంది కడతారు?

నరసాపురం లేసు:
ఈ మాట మా అరుగు మీద అడిగానండి. 45 పెట్టి యాడ్స్ లేకుండా తీసుకుంటారా అని. ఇద్దరు కడతామన్నారు. ఒకావిడ మధ్యాహ్నం గంటసేపటికే అయితే పది రూపాయలిస్తానంది. మిగిలిన ముగ్గురం, యాడ్స్ ఉంటే ఉండనియ్యండి, ముందా సౌండు తగ్గించమనండి అన్నాం.